కంచెకు కాపలా ఎవరు?

కంచే చేను మేస్తే ఇక చేనుకు దిక్కెవరని పెద్దలు అడిగేవారు. పోలీసు కొలువుల నియామకంలోనే అవినీతి జరిగితే, దాని దర్యాప్తును తిరిగి పోలీసులకే వదిలివేయవచ్చునా? వదలరాదన్నదే మా దృఢాభిప్రాయం. తొలిరోజు నుండి అభియోగపత్రం దాఖలయ్యే వరకు దానిపై న్యాయస్థానం కన్ను ఉండి తీరాలి.

ఇది మనకు దూరపు ముచ్చట కాదు. పలమనేరు దాటి కొంత దూరం వెళితే కర్ణాటక. అక్కడ 545 ఎస్సై పోస్టులకు 2021 అక్టోబర్ 3న రాతపరీక్ష జరిగింది. జవాబుపత్రాలను దిద్దిన వైనం, బ్లూటూత్ పరికరాల వాడకం బయటపడటంతో 2022 ఏప్రిల్‌లో ప్రభుత్వం ఆ పరీక్షను రద్దు చేసింది. నియామక విభాగానికి అధిపతిగా పనిచేసిన అదనపు డీజీపీయే జూలై 4న అరెస్టయ్యారు. ఆయన దోషి అవునో కాదో కోర్టు తేల్చాలి. అయితే అంతటి అధికారిని ఆయన శాఖవారే విచారించవలసి వచ్చిందన్నది గమనార్హం. మళ్లీ పరీక్ష జరిగేసరికి 2024 జనవరి వచ్చింది.

శాఖ తనను తాను విచారించుకోగలదని వాదించేవారు చంద్రగిరి వైపు చూడాలి. 2015 ఏప్రిల్ 7న శేషాచలం అడవిలో 20 మంది తమిళ కూలీలు పోలీసు కాల్పుల్లో మరణించారు. హైకోర్టు జోక్యం చేసుకున్నాకనే పోలీసులపై హత్యానేరం కింద కేసు నమోదయింది. ఆ తర్వాత కూడా దర్యాప్తు పోలీసు బృందానికే దక్కింది. నేరం వేరు కావచ్చు, నీతి ఒక్కటే.

చట్టంలో మార్గం లేక కాదు. దర్యాప్తు సంస్థలను న్యాయస్థానం నిరంతరం పర్యవేక్షించవచ్చునని 1997 నాటి వినీత్ నారాయణ్ తీర్పు చాటింది. సక్రమ దర్యాప్తు జరిగేలా చూసే అధికారం మేజిస్ట్రేటుకు సైతం ఉందని 2007లో సాకిరి వాసు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అయితే పేరుకు పర్యవేక్షణ ఉంటే చాలదు. మధ్యప్రదేశ్ వ్యాపం కుంభకోణాన్ని హైకోర్టు పర్యవేక్షిస్తున్నప్పటికీ, 2015 జూలైలో సుప్రీంకోర్టు దానిని సీబీఐకి అప్పగించవలసి వచ్చింది. 2013 కానిస్టేబుల్ పరీక్ష కేసులో 31 మంది దోషులుగా తేలినది 2019లో.

ఇందులో ముస్లింలకు ప్రత్యేకించి పోయేదేమిటని కొందరు అడుగుతారు. పోలీసు కానిస్టేబుళ్లలో ముస్లింల వాటా 6 శాతమేనని 2006లో సచార్ కమిటీ తేల్చింది. మన రాష్ట్రంలో బీసీ-ఇ కింద దక్కిన 4 శాతం సైతం 2010 నాటి సుప్రీంకోర్టు మధ్యంతర ఉత్తర్వుల నీడలోనే నడుస్తోంది. 2022లో ప్రకటించిన 6,100 కానిస్టేబుల్ పోస్టుల్లో ఆ వాటా లెక్కకు 244. అమ్ముడయ్యే ప్రతి కొలువూ ఏ సిఫారసూ లేనివాడి నోటి ముద్దే. కల్యాణి డ్యాం శిక్షణ కళాశాలలో అడుగుపెట్టాలని ఫజర్ నమాజు ముగించి మైదానానికి పరుగెత్తే మన బిడ్డకు కాళ్ల బలమే ఆస్తి. పైగా కొలువు కొన్నవాడు పెట్టిన సొమ్మును ఠాణాకు వచ్చే బలహీనుల నుండే రాబట్టుకుంటాడు.

కోర్టులు కలుగజేసుకుంటే నియామకాలు ఆలస్యమవుతాయన్న ఆక్షేపణలో నిజముంది. ఆ 6,100 పోస్టులకు 2023 జనవరిలో ప్రాథమిక పరీక్ష జరిగితే తుది పరీక్ష 2025 జూన్‌లో గాని జరగలేదు. అందులో వ్యాజ్యాల పాత్రా ఉంది. కనుకనే మేము గడువుతో కూడిన పర్యవేక్షణను కోరుతున్నాం. దర్యాప్తు అధికారులకు నియామక మండలితో ఏ సంబంధమూ ఉండరాదు. నెలనెలా కోర్టుకు నివేదిక అందాలి. అక్రమార్కులను వేరుచేయగలిగిన చోట నిజాయితీగా నెగ్గినవారిని శిక్షించరాదు. ఫిర్యాదు చేసినవానికి రక్షణ కల్పించాలి.

చివరిగా మనవారికి ఒక మాట. నగలు కుదువపెట్టి దళారి చేతిలో సొమ్ము పోసే తల్లిదండ్రులు మనలోనూ ఉన్నారు. లంచం ఇచ్చేవానినీ పుచ్చుకునేవానినీ దైవప్రవక్త (స) సమానంగా శపించారని ఎరిగిన సముదాయం మనది. న్యాయస్థానం కన్ను శాఖపై ఉండాలని అడిగే నోరు ముందుగా తన ఇంటిని ప్రశ్నించుకోవాలి. అప్పుడే ఆ అడుగుటకు బలం.