సీసా కూడా కనపడకూడదట!

టీవీ రచయితల మీద ఈ సంచిక అనుకోగానే నాకు ముందు తట్టిన పేరు అమెరికా రచయిత రాడ్ సెర్లింగ్. 1955లో మిసిసిపీలో ఎమెట్ టిల్ అనే పద్నాలుగేళ్ల నల్లజాతి కుర్రాణ్ణి చంపినవాళ్లు నిర్దోషులుగా బయటికొచ్చారు. ఆ కడుపుమంటతో సెర్లింగ్ మరుసటి ఏడే ‘నూన్ ఆన్ డూమ్స్‌డే’ అనే టీవీ నాటకం రాశాడు. ప్రాయోజకులు ఊరుకుంటారా? కథను దక్షిణాది నుంచి న్యూ ఇంగ్లండ్‌కు తరలించారు. సెట్‌లో కోకాకోలా సీసా కూడా వద్దన్నారు, అది దక్షిణాదిని గుర్తుచేస్తుందట! మన సీరియల్ రచయితలు ఇది చదివి నవ్వుకుంటారో, నిట్టూరుస్తారో.

ఎదురుగా చెప్పనివ్వకపోతే చాటుగా చెప్పాలనుకున్నాడు. 1959లో సొంత సంస్థ పెట్టి, నిర్మాతగా ‘ది ట్విలైట్ జోన్’ అనే టీవీ ధారావాహిక మొదలుపెట్టాడు. 156 భాగాల్లో 92 ఆయన రాసినవే. ఒకదాంట్లో వీధిలో కరెంటు పోతుంది, అంతే. తమలో గ్రహాంతరవాసి ఎవరోనని ఇరుగుపొరుగువాళ్లు ఒకరినొకరు అనుమానించుకుని రాళ్లదాకా వెళతారు. గ్రహాంతరవాసుల కథే కదా అని ఎవరూ అడ్డుపడలేదు.

రచయితగా అంత గడుసువాడు, వ్యాపారంలో మాత్రం తేలిపోయాడు. ధారావాహిక ఆగిపోయాక తన వాటాను సీబీఎస్‌కు అమ్మేసుకున్నాడు. తర్వాత పునఃప్రసారాల లాభమంతా వాళ్లదే.