ఒక్క సెకనుకు ఒకటిన్నర అడుగు

పిల్లలూ! "మాయాబజార్" సినిమా చూడనివాళ్ళు మీలో ఉండరనుకుంటాను. ఘటోత్కచుడు పెళ్ళివారి వంటకాలన్నీ ఒక్కడే కూర్చుని ఆరగిస్తుంటే మీ తాతగారూ నవ్వారు, మీ నాన్నగారూ నవ్వారు, మీరూ నవ్వారు. ఆ చిత్రం 1957లో వచ్చింది. దాన్ని తీసిన దర్శకుడు కె. వి. రెడ్డిగారు మన అనంతపురం జిల్లావారే.

ఆయన పూర్తి పేరు కదిరి వెంకటరెడ్డి. 1912లో తాడిపత్రిలో పుట్టారు. గొప్ప నటుడు బళ్ళారి రాఘవ పుట్టినదీ ఆ ఊళ్ళోనే. తాడిపత్రి పక్కనే పెన్న ఉన్నది. నది పేరే గాని, ఏడాదిలో చాలా నెలలు అందులో కనిపించేది ఇసుకే! జిల్లాలో సగటున ఏడాదికి 55 సెంటీమీటర్లకు అటూ ఇటూగా వాన పడుతుంది. బావిలో నీళ్ళెన్ని ఉన్నాయో చూసుకున్నాకనే రైతు ఎన్ని మళ్ళు నాటాలో తేల్చుకుంటాడు. రెడ్డిగారికి లెక్క అక్కడే అబ్బిందని నేననను గాని, లెక్క చూడకుండా ఆయన ఏ పనీ మొదలుపెట్టేవారు కారు.

మద్రాసు ప్రెసిడెన్సీ కళాశాలలో భౌతికశాస్త్రం చదివి పట్టా పుచ్చుకున్నారు. తరవాత సినిమా కంపెనీలో చేరారు. ఏ పనికనుకున్నారు? నటించటానికీ కాదు, దర్శకత్వానికీ కాదు. క్యాషియరుగా! వాహినీ సంస్థలో బి. ఎన్. రెడ్డిగారు "వందేమాతరం", "సుమంగళి", "దేవత" తీస్తున్నప్పుడు ఈయన డబ్బు లెక్కలూ, నిర్మాణపు పనులూ చూసేవారు. ఆ సంస్థకు అండగా నిలిచిన తాడిపత్రి వర్తకుడు మూలా నారాయణస్వామి ఈయనకు చిన్ననాటి స్నేహితుడు. లెక్కలు రాస్తూనే రెడ్డిగారు సినిమా ఎలా తీస్తారో కళ్ళారా చూసి నేర్చుకున్నారు. 1943లో ఆయన దర్శకత్వంలో మొదటి చిత్రం "భక్త పోతన" విడుదలయింది. అందులో పోతన వేషం నాగయ్యగారిది. చిత్రం ఎంతో బాగా ఆడింది.

ఇప్పుడు కొంచెం లెక్క చేద్దాం, పలకా బలపం తీయండి. సినిమాలో బొమ్మలు నిజంగా కదలవు. సెకనుకు 24 నిశ్చల చిత్రాలు ఒకదాని వెంట ఒకటి తెరమీద పడితే మన కన్ను మోసపోయి, కదులుతున్నాయనుకుంటుంది. ఫిలిం రీలులో ఒక అడుగుకు 16 బొమ్మలు పడతాయి. అంటే సెకనుకు ఒకటిన్నర అడుగు, నిమిషానికి 90 అడుగులు. మూడు గంటల సినిమాకు 16,200 అడుగులు. సుమారు 5 కిలోమీటర్ల ఫిలిం! అదీ తెరమీద కనిపించేది మాత్రమే. తీసి పారేసినది వేరే.

ఆ రోజుల్లో ముడిఫిలిం విదేశాలనుంచి ఓడల్లో రావాలి. రెండవ ప్రపంచయుద్ధం సాగుతుండగా ఫిలింకు కరువొచ్చి, ఒక్కొక్క చిత్రం 11,000 అడుగులు మించరాదని ప్రభుత్వం నిబంధన కూడా పెట్టింది. బియ్యానికి వలె ఫిలింకూ రేషనన్నమాట!

రెడ్డిగారి పద్ధతి ఇది: షూటింగు మొదలుకాకముందే కథంతా సంభాషణలతో సహా రాయించేవారు. ఒక్కొక్క ఘట్టాన్నీ చదివించి, స్టాప్‌వాచీ పట్టుకుని ఎన్ని సెకన్లు పడుతుందో చూసేవారు. దాన్నిబట్టి ఎన్ని అడుగులవుతుందో ముందే తేలిపోయేది. ఆ తరవాతనే కెమెరా తిరిగేది. "ఇలా గడియారం పట్టుకుని తీస్తే సినిమాలో జీవం ఉంటుందా?" అని మీరడగవచ్చు. "పాతాళభైరవి" (1951) చూడండి, "పెద్దమనుషులు" (1954) చూడండి, "మాయాబజార్" చూడండి. ఎక్కడైనా తొందర గాని, సాగతీత గాని కనిపిస్తుందేమో మీరే చెప్పండి.

"మాయాబజార్" నిర్మాతలు నాగిరెడ్డి, చక్రపాణిగార్లు. 1947లో "చందమామ" పత్రికను నెలకొల్పింది వాళ్ళే. ఆ చిత్రానికి ఛాయాగ్రాహకుడు మార్కస్ బార్ట్లే. మనిషి మాయమై, మరొకరు ప్రత్యక్షం కావటమనే గారడీ చాలా పాతది. ఫ్రాన్సులో మెలియస్ అనే ఇంద్రజాలికుడు 1896లోనే దాన్ని చేసి చూపాడు. కెమెరాను కదల్చకుండా ఆపేస్తారు. మనిషి పక్కకు తప్పుకుని, వేరొకరు అదేచోట నిలబడతారు. మళ్ళీ కెమెరా తిప్పుతారు. అంతే! కాని గారడీ ఒక్కటే చాలదు. ఘటోత్కచుడు శశిరేఖ రూపం ధరించాక, సావిత్రి ఆ రాక్షసుడి నడకా, చూపూ తెచ్చిపెట్టుకుని నటించింది చూశారా? అది ఏ కెమెరాకూ చేతకాని పని.

అన్నీ విజయాలే కావు. 1968లో వచ్చిన "భాగ్యచక్రం", "ఉమా చండీ గౌరీ శంకరుల కథ" ప్రేక్షకులకు నచ్చలేదు. అంతకు ముందు ఆయన చిత్రాలకోసం ఎగబడిన జనమే ఈసారి ముఖం తిప్పుకున్నది. ఐనా ఆయన "శ్రీకృష్ణసత్య" తీశారు. అది 1971లో విడుదలయింది. అదే ఆయన చివరి చిత్రం. 1972 సెప్టెంబరులో రెడ్డిగారు చనిపోయారు.

ఈసారి "మాయాబజార్" చూసేటప్పుడు సెకన్లముల్లు ఉన్న గడియారం దగ్గర పెట్టుకోండి. మీకు బాగా నచ్చిన ఘట్టం ఎన్ని సెకన్లుందో చూసి, ఒకటిన్నరతో హెచ్చవేయండి. ఎన్ని అడుగులు వచ్చిందో మీ నాన్నగారికి చెప్పి, ఆయన వేసిన లెక్కతో సరిపోయిందో లేదో చూసుకోండి.