పేరు దాచుకుంటే సరిపోతుందా?

మా చెల్లెలి కూతురు ఇంగ్లండులో నర్సుగా పనిచేస్తోంది. ఇప్పుడు ఏడో నెల. మొన్నామధ్య ఫోన్ చేసి, "పెద్దమ్మా, పేరు అనుకున్నాం. ఆష్లీ. అమ్మాయి పుట్టినా అబ్బాయి పుట్టినా పనికొస్తుంది" అంది. బాగుందన్నాను. కాసేపటికి అసలు కారణం చెప్పింది. "దరఖాస్తు మీద పేరు చూడగానే ఆడమనిషని తెలియకూడదు పెద్దమ్మా. నేను పడ్డది చాలు."

ఆ చివరి మాట రెండు రోజులు నన్ను వదల్లేదు. ఆడవాళ్ల హక్కుల గురించి ఇరవై ఏళ్లుగా ఊరూరా తిరిగి మాట్లాడుతున్న మనిషిని నేను. మా ఇంటి పిల్లే, ఇంకా పుట్టని బిడ్డకు ముందుగా చేసిపెడుతున్న రక్షణ ఏమిటంటే, ఆడపిల్ల అని కనిపించకుండా ఉండటం! తప్పు పడదామంటే నోరు రాలేదు, ఆ పిల్ల పడ్డది నాకు తెలుసు గనక. ఒప్పుకుందామంటే మనసు రాలేదు. ఎందుకు రాలేదో ఆలోచించి నలుగురి ముందూ పెడుతున్నాను.

ఆష్లీ మొదట మనిషి పేరు కాదు, ఊరి పేరు. ఇలాంటి పేర్ల చివర ఉండే 'లీ'కి పాత ఇంగ్లీషులో, అడవి మధ్య చెట్లు కొట్టి చదును చేసుకున్న చోటు అని అర్థం. ఆష్ అనే చెట్లున్న చోటు ఆష్లీ. ఆ ఊరినుంచి వచ్చినవాళ్లకు అది ఇంటిపేరయింది. మన కందుకూరి, సర్వేపల్లి ఇంటిపేర్లు కందుకూరు, సర్వేపల్లి అనే ఊళ్లనుంచి వచ్చినట్టే. అయితే ఇంగ్లీషువాళ్లు ఇంకో అడుగు వేసి, ఇంటిపేరునే పిల్లలకు పేరుగా కూడా పెట్టుకున్నారు. స్టాన్లీ, వెస్లీ, షర్లీ అన్నీ అలా వచ్చినవే.

మిషనరీల వెంట ఈ పేర్లు మన పల్లెలకూ వచ్చాయి. మా నాన్న మిషన్ బడిలో టీచరు. మా తమ్ముడికి వెస్లీ అని, చెల్లెలికి షర్లీ అని పెట్టారు. వెస్లీ అంటే పడమటి మైదానం, షర్లీ అంటే వెలుతురు పడే మైదానం. రెండూ ఊళ్ల పేర్లే, రెండింటికీ చివర ఒకటే మాట. అయినా వెస్లీ అంటే పిల్లాడనీ, షర్లీ అంటే పిల్ల అనీ మా పల్లెలో కూడా అందరికీ తెలుసు. ఊరికి ఆడా మగా ఎక్కడనుంచి వచ్చినట్టు?

షర్లీ కథ వింటే కొంత తెలుస్తుంది. అది ఒకప్పుడు మగవాళ్ల పేరు. 1849లో షార్లెట్ బ్రాంటీ 'షర్లీ' అనే నవల రాసింది. అందులో కథానాయిక తల్లిదండ్రులు కొడుకు కావాలనుకున్నారు, కూతురు పుట్టింది. కొడుక్కి పెట్టాలనుకున్న పేరే ఆమెకు పెట్టారు. చేతిలో ఆస్తి ఉండి, సరదాకి తనను తాను 'కెప్టెన్' అని చెప్పుకునే పిల్ల ఆమె. ఆ నవల తర్వాత షర్లీ ఆడపిల్లల పేరయింది. 1930లలో షర్లీ టెంపుల్ అనే బాలనటి వల్ల ఇంకా పాకింది. అప్పటినుంచీ మగపిల్లలకు ఆ పేరు పెట్టేవాళ్లు దాదాపు లేకుండా పోయారు.

ఆ నవల రాసిన షార్లెట్ కూడా తన అసలు పేరుతో అచ్చు వేయించుకోలేదు. 1846లో ఆ అక్కచెల్లెళ్లు ముగ్గురూ తమ కవితలను కరర్, ఎల్లిస్, ఆక్టన్ బెల్ అనే పేర్లతో ప్రచురించారు. ఆక్టన్ కూడా ఇంగ్లండులో ఊరి పేరే. ఆడో మగో తేలని పేర్లు కావాలనే ఎంచుకున్నామని, రచయిత్రులంటే జనం చిన్నచూపు చూస్తారని తోచిందని, 1850లో షార్లెట్టే రాసింది. మా అమ్మాయి ఆలోచన కొత్తదేం కాదు. దానికి నూట డెబ్బై ఏళ్లు దాటాయి.

ఆష్లీ సంగతీ అంతే. 1936లో వచ్చిన 'గాన్ విత్ ది విండ్' నవలలో ఆష్లీ ఒక మగవాడు. 1991, 1992 సంవత్సరాల్లో అమెరికాలో ఆడపిల్లలకు అన్నిటికన్నా ఎక్కువగా పెట్టిన పేరు ఆష్లీ. అక్కడ అబ్బాయిలకు ఆ పేరు పెట్టడం బాగా తగ్గిపోయింది. ఇంగ్లండులో ఆష్లీ అనే మగవాళ్లు ఇంకా ఉన్నారు గాని, అమ్మాయికి పెట్టేటప్పుడు చాలామంది స్పెల్లింగు మారుస్తారు. లెస్లీ అనే పేరుకూ అబ్బాయికో స్పెల్లింగు, అమ్మాయికో స్పెల్లింగు. తెలుగులో రాస్తే రెండూ ఒకటే!

కింబర్లీ కథ ఇంకా విచిత్రం. ఇంగ్లండులో నార్‌ఫోక్ అనే ప్రాంతంలో కింబర్లీ అనే పల్లె ఉంది. కైనెబర్గ్ అనే స్త్రీ పేరుమీద వెలసిన చోటని ఊరిపేర్లను పరిశోధించినవాళ్లు చెబుతారు. ఆ పల్లె పేరు ఒక ప్రభువుకు బిరుదయింది. ఆయన వలసల మంత్రిగా ఉండగా, 1873లో, దక్షిణాఫ్రికాలో వజ్రాల గనుల పట్నానికి ఆయన బిరుదు పెట్టారు. 1899లో బోయర్ యుద్ధంలో ఆ పట్నం ముట్టడికి గురైనప్పుడు, ఆ అభిమానంతో మగపిల్లలకు కింబర్లీ అని పేర్లు పెట్టారు. ఇరవయ్యో శతాబ్దం మధ్యకు వచ్చేసరికి అది ఆడపిల్లల పేరయింది. ఒక స్త్రీ పేరు ప్రభువులనూ గనులనూ యుద్ధాన్నీ దాటుకుని మళ్లీ స్త్రీల దగ్గరకు వచ్చింది. వచ్చాక మాత్రం మగపిల్లలకు పనికిరాకుండా పోయింది.

ఈ పేర్ల ప్రయాణమంతా ఒకవైపే సాగుతుంది. మగవాళ్ల దగ్గరనుంచి ఆడవాళ్ల దగ్గరకు పోతాయి, తిరిగి రావడం చాలా అరుదు. అబ్బాయి పేరు అమ్మాయికి పెడితే హోదా పెరిగిందనుకుంటారు. అమ్మాయి పేరు అబ్బాయికి పెడితే ఎగతాళి చేస్తారు. మన దగ్గర మాత్రం? కూతుర్ని మెచ్చుకోవాలంటే "మా ఇంటికి మగపిల్లాడే" అంటాం. కొడుకుని తిట్టాలంటే "ఆడంగి" అంటాం. ఆ విలువలు మారనంతకాలం, ఇద్దరికీ చెందిన పేరు అనేది కొంతకాలమే నిలుస్తుంది. ఆడపిల్లలు ఆ పేరులోకి వస్తారు, అబ్బాయిల తల్లిదండ్రులు ఖాళీ చేసి వెళ్లిపోతారు. దాక్కుందామని వెళ్లిన చోటే గుర్తు పట్టడానికి ఆనవాలవుతుంది.

అలాగని పేరు వల్ల ఏ లాభమూ లేదని అనను. అంటే అబద్ధమవుతుంది. 2012లో అమెరికాలో ఒక పరిశోధన జరిగింది. విశ్వవిద్యాలయాల్లో సైన్సు బోధించే 127 మందికి ఒకే దరఖాస్తు పంపారు. కొందరికి జాన్ అనే పేరుతో, కొందరికి జెనిఫర్ అనే పేరుతో. మిగతా ప్రతి అక్షరం ఒకటే. జాన్‌కు ఏడాదికి సగటున 30 వేల డాలర్లకు పైగా జీతం ఇవ్వొచ్చన్నారు. జెనిఫర్‌కు 26,500 దగ్గర ఆగారు. దరఖాస్తు చూసిన మహిళా అధ్యాపకులు కూడా అలాగే చేశారు.

1939లో నాజీల బారినుంచి తప్పించుకుని, అయిదేళ్ల వయసులో ఇంగ్లండు చేరిన స్టెఫనీ షర్లీ జీవితమూ ఇదే చెబుతుంది. 1962లో ఆమె కంప్యూటర్ ప్రోగ్రాములు రాసే సంస్థ పెట్టింది. పిల్లల్ని చూసుకుంటూ ఇంట్లో ఉండిపోయిన చదువుకున్న ఆడవాళ్లకు ఆ పని ఇచ్చింది. పని కోసం కంపెనీలకు ఉత్తరాలు రాస్తే జవాబులు రాలేదు. భర్త సలహా మీద 'స్టీవ్' అని మగపేరుతో సంతకం పెట్టింది. అప్పుడు జవాబులు రావడం మొదలైంది. ఆమె ఇంటిపేరు షర్లీ, పెళ్లితో వచ్చినది. ఇంటిపేరుగా ఉన్న షర్లీ ఎవరికీ అడ్డం రాలేదు. స్టెఫనీ అడ్డం వచ్చింది. 2025లో చనిపోయేదాకా ఆమెను లోకం స్టీవ్ అనే పిలిచింది.

కాబట్టి మొదటి తలుపు తెరుచుకోవడానికి పేరు పనికొస్తుంది. ఆ తర్వాతి సంగతే నాకు బాగా తెలిసినది.

మా నాన్న మాకు ఇంగ్లీషు పేర్లు ఎందుకు పెట్టారో పెద్దయ్యాక అర్థమైంది. మా తాత పేరు వింటే చాలు, ఊళ్లో కులం తెలిసిపోయేది. ఆ పేరునే సాగదీసి పిలిచేవాళ్లు. పిల్లలకు ఆ అవమానం ఉండకూడదనుకున్నారు నాన్న. నేను పట్నంలో హాస్టల్లో చేరిన మొదటిరోజు పేరు అడిగారు. చెప్పాను. "ఇంటిపేరు?" చెప్పాను. "ఏ ఊరు?" చెప్పాను. "ఊళ్లో ఏ వైపు మీ ఇళ్లు?" నాలుగో ప్రశ్నకు వాళ్లకు కావలసింది దొరికింది. ఆ రోజునుంచి నా కంచం విడిగా ఉండేది. నాన్న పెట్టిన పేరు నన్ను మూడు ప్రశ్నల దూరం కాపాడింది. అంతే.

ఆష్లీ కూడా అంతే దూరం కాపాడుతుంది. దరఖాస్తులో పేరు తర్వాత మా తెలుగు ఇంటిపేరు ఉంటుంది. అది చూసి పరాయి దేశం వాళ్లనుకుంటారు. దాన్నీ దాటితే ఇంటర్వ్యూలో మనిషే ఎదురుగా కూర్చోవాలి. ఉద్యోగం వచ్చాక కడుపు వస్తుంది, సెలవు అడగాలి. అప్పుడు ఏ పేరు దాస్తుంది? సిక్కుల్లో చాలా పేర్లు ఆడవాళ్లకూ మగవాళ్లకూ ఒకటే. కాని వెనకే సింగ్ అనో కౌర్ అనో ఉంటుంది. ఒకచోట చెరిపేస్తే లోకం ఇంకోచోట రాసి పెట్టుకుంటుంది. అడిగేవాడి చేతిలో అధికారం ఉన్నప్పుడు వాడు ఇంకో ప్రశ్న అడుగుతాడు. మనం పోరాడవలసింది ఆ ప్రశ్నతో.

ఇంటిపేరును పేరుగా పెట్టే ఈ ఆచారంలో మనకు పనికొచ్చే సంగతి వేరే ఉంది. ఇంగ్లండులోనూ అమెరికా దక్షిణ రాష్ట్రాల్లోనూ చాలా కుటుంబాలు తల్లి పుట్టింటి పేరును బిడ్డకు పేరుగా పెట్టేవి. జేన్ ఆస్టెన్ నవల 'ప్రైడ్ అండ్ ప్రెజుడిస్'లో డార్సీ పేరు ఫిట్స్‌విలియం. అది అతని తల్లి పుట్టింటి ఇంటిపేరు. పెళ్లితో పోయిన ఇంటిపేరు బిడ్డ పేరులో మిగిలేది. అదీ తాత పేరే కదా, ఆస్తి కోసమే కదా అంటారు. నిజమే. అయినా తల్లివైపు ఒక వంశం ఉందని ఒప్పుకోవడమైనా అందులో ఉంది. అదే ఇంగ్లండులో పెళ్లి రిజిస్టరులో వధూవరుల తండ్రుల పేర్లే రాసేవారు. తల్లుల పేర్లు చేరింది 2021 మేలో!

మన దగ్గర? శారదా నికేతనం నడిపిన ఉన్నవ లక్ష్మీబాయమ్మ గారిని మనమంతా తలుచుకుంటాం. ఆ 'ఉన్నవ' భర్త ఇంటిపేరు. పుట్టింటి పేరు మనలో ఎందరికి తెలుసు? పెళ్లయ్యాక ఇంటిపేరు మార్చుకోవాలని మన చట్టం ఎక్కడా చెప్పదు, అయినా మారుస్తూనే ఉన్నాం. భర్త చనిపోయి మళ్లీ పెళ్లి చేసుకున్న ఒక తెలుగు తల్లి, తన బిడ్డకు ఏ ఇంటిపేరు ఉండాలన్న తగాదాలో సుప్రీంకోర్టుదాకా వెళ్లవలసి వచ్చింది. అది నిర్ణయించే హక్కు తల్లికి ఉందని కోర్టు 2022 జూలైలో చెప్పింది. అలాంటి తీర్పు వచ్చిందని మన గ్రామ సంఘాల్లో ఎంతమందికి చెప్పాం?

ఇవన్నీ మా అమ్మాయితో మాట్లాడాను. చివరికి ఒక్కటే అడిగాను: "అబ్బాయి పుడితే నిజంగా ఆష్లీ అనే పెడతారా?" కాసేపు మాట్లాడలేదు. తర్వాత, "అబ్బాయైతే డేనియల్ అందామంటున్నారు పెద్దమ్మా ఆయన" అంది. ఇద్దరికీ అనుకున్న పేరు అప్పటికే ఆడపిల్లకే మిగిలింది. ఆ మాట అన్నాక తనకే తెలిసింది. నేను విడమరిచి చెప్పనవసరం లేకపోయింది.

"ఆష్లీ మంచి పేరే, పెట్టుకో" అన్నాను. "అబ్బాయి పుట్టినా అదే పెట్టు. నీ పుట్టింటి పేరు కూడా కలిపి రాయించు, అదీ ఒక ఊరి పేరే కదా. దాచుకోవడానికి మాత్రం పెట్టకు." ఇంగ్లండులో బిడ్డ పుట్టాక 42 రోజుల్లో నమోదు చేయించాలట. ఆలుమగలు మాట్లాడుకోవడానికి వ్యవధి ఉంది.

మన పని మనకుంది. దరఖాస్తుల మొదటి వడపోతలో పేరు తీసేసి నంబరు మాత్రం చూడమని అడుగుదాం. ముందు మన స్వచ్ఛంద సంస్థల్లోనే అది మొదలుపెడదాం. తండ్రి లేదా భర్త పేరు అని మాత్రమే ఉన్న ఫారం ఎక్కడ కనిపించినా, తల్లి పేరుకు చోటేదని అడుగుదాం. పెళ్లికి ముందు మన పిల్లలతో ఇంటిపేరు గురించి మాట్లాడుదాం. ఆడపిల్ల తన పేరుతో, ఆడపిల్లగా కనిపిస్తూ దరఖాస్తు పెట్టి, పూర్తి జీతం అడిగి తీసుకోగలగాలి. మా షర్లీ మనవరాలికి గాని, మనవడికి గాని నేను కోరుకునేది అదే.