యంత్రముల మర్యాద



ఒక సోదరి యీ పుటకు జాబు వ్రాసినది. ఆమె కుమార్తె డాలస్ నగరమున నున్నది. ఆ పిల్ల చేత ఆపిల్ ఫోను, ఈమె చేత ఆండ్రాయిడ్ ఫోను. వీడియోలో మాటలాడునపుడు మనుమని ముఖము నడుమనడుమ ఱాతిబొమ్మవలె నిలిచిపోవుచున్నదట. "రెండును ఒక్క జాతివి కావు గనుక నట్లగుచున్నది, మీరును ఆపిల్ కొనుడు" అని అంగడివాడు చెప్పెనట. దాని వెల యామె యింటి మూడు నెలల వెచ్చము. కొనవలెనా యని యామె ప్రశ్న.

అక్కఱలేదని నా యుత్తరము. ఏల యక్కఱలేదో వివరముగా వ్రాసెదను. కారణము తెలియనిచో రేపు మఱియొక అంగడివాడు మఱియొకటి కొనిపించును.

ప్రతి ఫోనులోను, కంప్యూటరులోను పెత్తనము చేయు ఏర్పాటొకటి గలదు. దానిని ఆపరేటింగ్ సిస్టమ్ అందురు. విండోస్, లినక్స్, ఆండ్రాయిడ్, ఆపిల్ వారి ఐ.ఓ.ఎస్. అన్నియు వేరువేరు పెత్తనములే. ఒక యింట ముందు పప్పు వడ్డింతురు, ఒక యింట పచ్చడి, అడుగువారెవరు? కాని గుమ్మము దాటి వీధిలోనికి వచ్చినపుడు అందఱకును సమ్మతమైన కట్టుబాటుండవలెను. యంత్రముల నడుమ నట్టిదానిని ప్రోటోకాల్ అందురు. మన "మర్యాద" యను మాటకు హద్దనియు, కట్టుబాటనియు అర్థములు గలవు. ఇంతకంటె దగిన పేరు నాకు దొరకలేదు.

ఈ చిక్కు మొదటినుండియు నున్నదే. 1969 అక్టోబరు 29న అమెరికాలో ఆర్పానెట్ అను వలపై తొలి సందేశము పోయినపుడు, ఆ కొననున్న యంత్రమును ఈ కొననున్న యంత్రమును ఒక్క తీరువి కావు. "లాగిన్" అను మాటలో రెండక్షరములు చేరగనే యావలి యంత్రము కూలబడినది! 1974లో వింటన్ సెర్ఫ్, రాబర్ట్ కాన్ అనువారు వేరువేరు వలలనే యొకదానితో నొకటి కలుపు పద్ధతిని ప్రకటించిరి. దానినుండి టి.సి.పి., ఐ.పి. యను జంట మర్యాదలు పుట్టినవి. 1983 జనవరి 1న ఆర్పానెట్ వానికి మారినది. ఆ నియమములు బహిరంగముగా ప్రకటింపబడినవి. ఎవ్వరి సొత్తును గావు.

మా తాతగారి యింట తాటాకు గ్రంథములుండెడివి. త్రాడు తెగి ఆకులు చెదరినను దిగులు లేదు. ప్రతి యాకు అంచునను సంఖ్య యుండెడిది. టి.సి.పి. చేయునదియు నిదియే. మీ జాబును ముక్కలు చేసి ప్రతి ముక్కకును సంఖ్య వేయును. ఐ.పి. దానిపై పంపువారి చిరునామాయు, అందుకొనువారి చిరునామాయు వ్రాయును. ఒక్కొక్క ముక్క యొక్కొక్క త్రోవను పోవచ్చును, వెనుకది ముందు చేరవచ్చును, కొన్ని దారిలో పోవచ్చును. అందినదని మారుమాట రానిచో ఈవలి యంత్రము ఆ ముక్కను మరల పంపును. అసలు మొదట మూడు పలుకులు నడచును: "మాటలాడవచ్చునా?" "ఆడవచ్చును, నేనును ఆడవచ్చునా?" "కానిమ్ము." ఇందులో నెచ్చటను "మీరే కంపెనీవారు?" అను ప్రశ్న లేదు.

ఈ నియమములను గ్రంథస్థము చేసిన జాన్ పోస్టెల్ 1980లో నొక సూత్రము పెట్టెను: తాను పంపునపుడు నియమము తప్పరాదు, ఎదుటివారు పంపినదానియెడ ఓర్పు వహింపవలెను. వియ్యపురాండ్రకు చెప్పవలసినది యంత్రములకు చెప్పెనే యని నాకు నవ్వు వచ్చినది.

ఇక మనుమని ముఖము మాట. వీడియోలో మాటలాడునపుడు సాధారణముగా నడచునది యు.డి.పి. యను వేఱొక మర్యాద. అది తప్పిపోయిన ముక్కకై నిలువదు. అప్పుడెప్పుడో నవ్విన నవ్వు ఇప్పుడు చేరిన నేమి లాభము? అందుచే త్రోవ యిఱుకైనపుడు ముఖము నిలిచిపోవును. జాబులో మాత్రమొక్క యక్షరమైనను పోదు. ఇది ప్రాయికముగా ఫోను జాతి దోషము కాదు. వైఫై పెట్టె యొక గదిలోను, మాటలాడువారు నాలుగు గోడల కావల వంటయింటిలోను ఉన్నచో నిట్లే యగును. ఆ సోదరి యొకమారు పెట్టె దగ్గఱ కూర్చుండి చూడవలెను. దీనికి వెల లేదు.

అంగడివాని మాటలో కొంత నిజము లేకపోలేదు. ఆపిల్ వారి ఐమెసేజ్ వారి యంత్రముల నడుమనే నడచును. ఫేస్‌టైమ్ పిలుపును ఆపిల్ గలవారే మొదలిడవలెను. 2021 మొదలు వారు లింకు పంపినచో ఆండ్రాయిడ్ వారును బ్రౌజరులో చేరవచ్చును. రహదారి యందఱిదైనను వీరు తమ వాకిలికి గడియ వేసికొన్నారు. ఇది యంత్రముల చేతకానితనము కాదు, యజమానుల యిష్టము, నాకిది నచ్చదు. ఈమెయిలునకట్టి గడియ లేదు, ఎవరినుండి యెవరికైనను పోవును. వాట్సాపును ఒక్క కంపెనీదే యైనను రెండు జాతుల ఫోనులలోను పనిచేయును గనుక, కుమార్తెను అందులోనికి రమ్మన్నచో చాలును.

తన ఫోను ఎన్నేండ్లదో ఆ సోదరి వ్రాయలేదు. మిక్కిలి పాత ఆండ్రాయిడ్‌పై వాట్సాప్ పనిచేయుట మానును. అట్లయినచో క్రొత్తది కొనవలసినదే; కాని తక్కువ వెలగల ఆండ్రాయిడే చాలును.