కకుద్మి విన్న పాట

రేవతీ కల్యాణ కథ చదువరులకు కొత్త కాదు. కుశస్థలిని ఏలిన కకుద్మి తన కుమార్తె రేవతికి తగిన వరుణ్ణి తెలుసుకొనగోరి, ఆమెను వెంటబెట్టుకొని బ్రహ్మలోకానికి వెళ్ళాడు. అక్కడ గంధర్వగానం సాగుతున్నది. అది ముగిసేదాకా ఆగి తన మనవి విన్నవించుకొన్నాడు. బ్రహ్మ నవ్వి, ఈలోగా భూమిమీద 27 చతుర్యుగాలు గడిచిపోయాయనీ, అతడు మనసులో ఉంచుకొన్నవారి మనుమల పేర్లయినా ఇప్పుడు వినబడవనీ చెప్పాడు. భాగవత నవమ స్కంధంలోని కథ ఇది.

ఈమధ్య ఈ కథ ఎక్కడ కనబడినా, వెనుక ఒక తోక ఉంటున్నది: “ఐన్‌స్టీన్ 1905లో చెప్పింది మనవాళ్ళు ఏనాడో చెప్పారు” అని. ఈ మాటతో నాకు పేచీ ఉన్నది. ఎందుకంటే, ఒకప్పుడు నేనూ తరగతిలో ఆ మాటే అన్నాను. ముందు బల్లమీది అమ్మాయి లేచి, “అయితే రాజుగారు ఎంత వేగంతో వెళ్ళారో పుస్తకంలో ఉందా మాస్టారూ?” అని అడిగింది. “అధిక ప్రసంగం, కూర్చో” అన్నాను. కూర్చున్నది. ఆ ఏడాది మరి ప్రశ్న అడగలేదు.

ఆ ప్రశ్నకు జవాబు ఇప్పుడు చెప్పుకొంటున్నాను. పుస్తకంలో వేగం లేదు, కారణమూ లేదు. పైపెచ్చు, ఎత్తుకు పోవడమే కారణమనుకొంటే లెక్క తలక్రిందులవుతుంది. మన ఫోనుకు దారి చూపే ఉపగ్రహాల గడియారాలు వేగం వలన రోజుకు సుమారు 7 మైక్రోసెకన్లు వెనుకబడతాయి. గురుత్వం తక్కువ గనుక 45 ముందుకు పోతాయి. మొత్తంమీద 38 ముందు. అంటే అక్కడ పైనున్నవానికే కాలం త్వరగా నడుస్తుంది. కకుద్మికి జరిగినది ఇందుకు విరుద్ధం.

అలాగని పురాణకర్తను తక్కువ చేయరాదు. బ్రహ్మకు పగలు వెయ్యి చతుర్యుగాలు. ఆ పగటిని మన 12 గంటలతో పోల్చి చూడండి. 27 చతుర్యుగాలు, అంటే 11 కోట్ల 66 లక్షల 40 వేల సంవత్సరాలు, అక్కడ ఇంచుమించు పందొమ్మిదిన్నర నిమిషాలు. ఒక పాట తీరికగా వినడానికి సరిపోయే వ్యవధి! ఇది భౌతికశాస్త్రం కాదు. తన కొలమానాన్ని తాను తప్పని కవి ఊహ. యోగవాసిష్ఠంలోని లీలోపాఖ్యానం ఇంకొక అడుగు వేసింది. అక్కడ ఒక బ్రాహ్మణుడు మరణించి ఎనిమిది రోజులే అయింది. అతని ఇంటిలోనే మరొక లోకం, అందులో ఒక రాజు జీవితకాలమంతా ఇమిడిపోయాయి. ఇంతటి ఊహకు ఐన్‌స్టీన్ యోగ్యతాపత్రం దేనికి?

ఆ తోక తగిలించగానే కథలోని దుఃఖం మాయమవుతుంది. నా బాధ అదే. పదవీ విరమణ తరువాత, నేను తొలిసారి ఉద్యోగం చేసిన ఊరికి వెళ్ళాను. బస్సు దిగి నలుగురి పేర్లు అడిగాను. దుకాణంలోని కుర్రవాడు మర్యాదగానే విని, “ఆ పేర్లు ఎప్పుడూ వినలేదండీ” అన్నాడు. కకుద్మి నాకు అర్థమైనది ఆ క్షణాన. తండ్రి బిడ్డ మేలు కోరి వెళ్ళాడు, మర్యాదకు ఒక పాట పూర్తయ్యేదాకా ఆగాడు. అంతలో తనవారనేవారు లేకుండా పోయారు. బ్రహ్మ చెప్పినట్లు రేవతిని బలరామునికిచ్చి, బదరికి తపస్సుకు వెళ్ళిపోయాడు. అతనికి ఇక ఇక్కడ పనేమున్నది?

విజ్ఞానానికి విజ్ఞానం గౌరవమూ, కథకు కథ గౌరవమూ ఇద్దాం. పిల్లలు వేగమెంత అని అడిగితే, “పుస్తకంలో లేదమ్మా, మంచి ప్రశ్న వేశావు” అందాం. నేను ఆనాడు అనవలసిన మాట అంతే.