పెళ్ళికూతురి ముఖం మీద ఎవరి చెయ్యి?

ఈసారి సంపాదకీయం పెళ్ళికూతురి మేకప్ గురించి అనగానే మా సంపాదకవర్గంలో ఇద్దరు నవ్వారు. ఒకరు కోప్పడ్డారు కూడా. "ఇన్ని సమస్యలుండగా పౌడరు, లిప్‌స్టిక్ గురించా అక్కా?" అని. ఆ కోపంలో న్యాయముంది. కానీ మొన్న మాఘమాసంలో మా అక్క కూతురి పెళ్ళి పనుల్లో పదిహేను రోజులు గడిపి వచ్చాక, నాకది చిన్న విషయంగా కనబడడం లేదు.

మా అమ్మాయి నలుపు. చామనఛాయ అని సర్దిచెప్పుకోనక్కర్లేదు, నలుపే. ఆస్పత్రిలో ల్యాబ్ టెక్నీషియన్‌గా పనిచేస్తోంది. సంబంధం కుదిరేటప్పుడు రంగు మాట రెండుసార్లు వచ్చింది. ఒకసారి పైకి, మర్యాదగా, "ఫోటోలో కొంచెం తేటగా కనబడిందండీ" అని. రెండోసారి లాంఛనాల దగ్గర. అక్కడ మాట అనలేదు, అంకె పెంచారు. 1961 చట్టం ప్రకారం కట్నం తీసుకోవడమే కాదు, ఇవ్వడం కూడా నేరమని ఊరూరా చెప్పి వచ్చిన నేను, మా అక్క ఇంట్లో ఆ అంకె ముందు ఓడిపోయాను. "పెళ్ళికి రావడం మానేస్తావా, నోరు మూసుకుంటావా?" అంది అక్క. నోరు మూసుకున్నాను. ఇది దాచిపెట్టి మేకప్ గురించి రాస్తే మోసమవుతుంది కాబట్టి ముందే చెబుతున్నాను.

పెళ్ళికి పది రోజుల ముందు 'ట్రయల్' అన్నారు. మన రోజుల్లో లేని మాట. పెళ్ళికొడుకు అక్కగారు ఒక పెద్ద బ్యూటీషియన్ పేరు చెప్పారు. ఆవిడకి 25 వేలు, అదీ మనవాళ్ళే ఇవ్వాలి. చివరికి మా అక్క వాళ్ళ వీధి చివర పార్లర్ అమ్మాయి 6 వేలకు ఒప్పుకుంది. ఆ అమ్మాయి మనలాంటి ఒక సంస్థ శిక్షణ కేంద్రంలోనే ఆరు నెలలు పని నేర్చుకుంది. ముఖం కడిగించి, ఏవో రెండు మూడు పూసి, తర్వాత ఫౌండేషన్ వేసింది. మా పిల్ల రంగు కంటే రెండు మూడు మెట్లు తెల్లది. మెడ దాకా దించింది. ఆ తర్వాత "చేతులకు కూడా మోచేతుల దాకా వేస్తానక్కా. జీలకర్ర బెల్లం పెట్టేటప్పుడు ఫోటోలో చేతులే ముందుంటాయి" అంది.

మా పిల్ల అద్దంలో చూసుకుని మురిసిపోయింది. "ఇది నా ముఖం కాదు" అంటుందని నేనెదురుచూశాను. అనలేదు. "బావున్నాను కదా పిన్నీ!" అంది. ఏమనాలో తోచలేదు నాకు.

నా పెళ్ళి గుర్తొచ్చింది. 1986లో, సభలో, దండలు మార్చుకుని. నేత చీర, ఖాళీ ముఖం. ఆ పొద్దున మా అమ్మ కాళ్ళకు పారాణి పెడతానని గిన్నెతో వచ్చింది. నాకు పెట్టించుకోవాలనే ఉంది. సభలో మనవాళ్ళు చూస్తే ఏమనుకుంటారోనని వద్దన్నాను. అమ్మ ఆ గిన్నె పట్టుకుని కాసేపు అలాగే నిలబడింది. దాన్ని ఇన్నాళ్ళూ నా నిర్ణయమనే చెప్పుకుంటూ వచ్చాను. 1996లో బెంగుళూరులో ప్రపంచ సుందరి పోటీలు జరిగినప్పుడు మనం వ్యతిరేకించాం. స్త్రీ శరీరాన్ని సరుకు చేస్తున్నారని మనమన్నాం. సంస్కృతి పాడైపోతోందని గోలచేసినవాళ్ళూ అదే వీధిలోకి వచ్చారు. మాకూ వాళ్ళకూ సంబంధం లేదని చెప్పడానికే మన శక్తి చాలా ఖర్చయింది. ఏది కూడదో మనం గట్టిగానే చెప్పాం. అలంకరించుకోవాలన్న ఆడపిల్ల కోరికతో ఎలా మాట్లాడాలో మాత్రం నేర్చుకోలేదు.

తెలుపు పిచ్చి కంపెనీలు తెచ్చిపెట్టిందే అనుకుంటే పొరపాటు. నలుగు పెట్టేటప్పుడు "రంగు తేలుతుందే" అనే మాట సబ్బుల కంటే పాతది. కంపెనీలు ఆ మాటను ట్యూబులో పెట్టి అమ్మాయి. 1975లో వచ్చిన ఫెయిర్ అండ్ లవ్లీ 2020లో పేరు మార్చుకుని గ్లో అండ్ లవ్లీ అయింది. పేరు మారినంత తేలిగ్గా పెళ్ళిచూపుల్లో చూపు మారదు. పెళ్ళి కుదిరిన నాటి నుంచి మందుల షాపులో అడిగి తెచ్చుకునే క్రీముల సంగతి ఇంకా ఘోరం. వాటిలో చాలావాటిలో స్టెరాయిడ్ ఉంటుంది. మొదటి వారం ముఖం తేటపడుతుంది. రాసుకుంటూ పోతే చర్మం పల్చబడి ఎర్రటి నరాలు తేలతాయి, మొటిమలు, ముఖం మీద వెంట్రుకలు వస్తాయి. మానేస్తే మంట. ఇలాంటి క్రీములు పలు రకాలను డాక్టరు చీటీ లేకుండా అమ్మకూడదని 2018లోనే కేంద్రం చెప్పింది. మా పిల్ల అల్మారాలో ఒక ట్యూబు దొరికింది. చీటీ ఎవరూ అడగలేదట.

మళ్ళీ ఆ అద్దం దగ్గరికొస్తాను. చేతులకు వేయడం మొదలుపెట్టగానే మా పిల్ల చెయ్యి వెనక్కి లాక్కుంది. "చేతులకొద్దు. రోజూ ఈ చేతులతోనే రక్తం తీస్తాను. పెళ్ళినాడు తెల్లగా ఉండి, డ్యూటీకి నల్లగా వెళితే పేషెంట్లే నవ్వుతారు" అంది. సరే, చేతులు నల్లగా ఉంటే ముఖం తెల్లగా ఎలా? కాసేపు తనలో తనే లెక్క వేసుకుంది. "అయితే ముఖం చేతుల రంగుకే కలిపెయ్. కాటుక, ఎర్ర లిప్‌స్టిక్, పూలజడ అన్నీ కావాలి. ఏవీ తగ్గించొద్దు" అంది. నేను నేర్పింది కాదది. నేనైతే లిప్‌స్టిక్ కూడా వద్దనేదాన్నేమో.

అక్క ఏడ్చింది. "ఫోటోలు జీవితాంతం ఉంటాయే" అంది. ఆమె భయం ఫోటోల గురించి కాదు. సద్దుమణిగిన రంగు మాట పెళ్ళి పందిట్లో మళ్ళీ లేస్తుందేమో, అంకె మళ్ళీ పెరుగుతుందేమోనని. పార్లర్ అమ్మాయి భయం ఇంకోటి. "ఉన్న రంగుకే వేస్తే, 'ఏం వేశావు, ఏమీ తేలలేదే' అని డబ్బులు కోస్తారక్కా. రేపు ఈ వీధిలో నన్నెవరు పిలుస్తారు?" డబ్బు తన జీతంలోంచి తనే ముందుగా ఇచ్చేసింది మా పిల్ల. ఆ రంగు పార్లర్ పెట్టెలో లేదు. హైదరాబాద్ నుంచి తెప్పించుకోవలసి వచ్చింది.

ఆ పెట్టె నన్ను వదలడం లేదు. కుట్టుపని తర్వాత మన సంస్థల్లో చాలా చోట్ల నేర్పేది ఈ పనే. నేర్పవద్దనను. సినిమా రంగంలో ఆడవాళ్ళు జుట్టు దువ్వడానికే తప్ప మేకప్ చెయ్యడానికి పనికిరారని ముంబైలో ఒక కార్మిక సంఘం నియమం పెడితే, చారూ ఖురానా సుప్రీంకోర్టు దాకా వెళ్ళి పోరాడింది. 2014 నవంబరులో కోర్టు ఆ నియమాన్ని కొట్టేసింది. అది మన విజయమే. కానీ మన శిక్షణ కేంద్రాల్లో కొన్న పెట్టెల్లో ఏ రంగులున్నాయో ఒక్కసారైనా చూశామా? మా కేంద్రంలో వెళ్ళి చూశాను. ఆరు డబ్బాలున్నాయి. నేర్చుకోవడానికి వచ్చిన పద్నాలుగు మంది అమ్మాయిల్లో పదకొండు మందికి వాటిలో ఒక్కటీ సరిపోదు. ఒకరి ముఖం మీద ఒకరు నేర్చుకుంటూ, ఆరు నెలలపాటు ఒకరినొకరు తెల్లబరుచుకుంటున్నారు. బిల్లుల మీద సంతకం నాదే.

ముహూర్తం తెల్లవారుజామున 3 గంటల 40 నిమిషాలకి. రాత్రి పదకొండింటికి అలంకరణ మొదలైంది. పార్లర్ అమ్మాయి తన నాలుగేళ్ళ కూతుర్ని తీసుకొచ్చి రెండు కుర్చీలు కలిపి పడుకోబెట్టింది. పిల్ల బుగ్గన చుక్క పెట్టాక, మా అక్క కాసేపు చూసి, ఏమీ అనకుండా బాసికం సర్దింది. పందిట్లో ఎవరేమన్నారో నాకు పూర్తిగా తెలియదు. ఒకావిడ "మేకప్ చేయించలేదా?" అని నన్నే అడిగింది. పెళ్ళికొడుకు మాత్రం తలంబ్రాల గోలలో ఎవరి రంగూ చూసే స్థితిలో లేడు.

నెల తర్వాత ఆల్బమ్ వచ్చింది. ఫోటోగ్రాఫర్ ఎవరూ అడగకుండానే కంప్యూటర్‌లో మా పిల్లని పాలరాయిలా చేసేశాడు. చేతులతో సహా. "అందరికీ అలాగే చేస్తాం మేడమ్, ఎక్స్‌ట్రా ఏం లేదు" అన్నాడట. మా పిల్ల ఆల్బమ్ వెనక్కి పంపింది, ఉన్నదున్నట్టుగా మళ్ళీ ప్రింట్ చేసివ్వమని. అత్తగారికి తెల్ల ఆల్బమే నచ్చింది. దానిమీద ఇంట్లో ఇంకా మాటలు నడుస్తున్నాయి. కొత్త ఆల్బమ్ ఇంకా రాలేదు.