తీగ కింది ఎకరం
చేవెళ్ల, మొయినాబాద్ వైపు టమాటా మళ్లలో, పూలతోటల్లో హైటెన్షన్ లైను వస్తోందన్న సంగతి జేసీబీ వచ్చి గుంత తవ్వేటప్పుడు రైతుకు తెలియడం అన్యాయం. 220 కేవీ లైనుకు 35 మీటర్ల వెడల్పు దారి కావాలి. నలుచదరంగా ఉన్న ఎకరానికి ఒక్కో పక్క 64 మీటర్లకు మించదు. లైను నట్టనడుమ నుంచి పోయిందా, సగానికి పైగా చేను తీగల కిందికి వెళ్లిపోయినట్టే. అక్కడ కూరగాయలు పండించుకోవచ్చు గానీ ఇల్లు కట్టలేం, మామిడిచెట్టును ఎదగనివ్వరు. భూమిని గజాల్లో అమ్ముకునే ప్రాంతంలో ఇది చిన్న నష్టమా? పోనీ కోర్టుకెళ్దామంటే, విద్యుత్ చట్టం 164వ సెక్షన్ కింద 1885 నాటి టెలిగ్రాఫ్ చట్టపు అధికారాలు పొందిన సంస్థకు భూయజమాని సమ్మతి అక్కర్లేదని సుప్రీంకోర్టు 2016లో సెంచురీ టెక్స్‌టైల్స్ కేసులో తేల్చేసింది. ఇక మిగిలేది పరిహారం పేచీ, అదీ జిల్లా జడ్జి దగ్గర. 2024 జూన్‌లో కేంద్రం ఇచ్చిన మార్గదర్శకాలు టవరు అడుగు జాగాకు భూమి విలువలో 200 శాతం, తీగల కింది జాగాకు 30 శాతం అన్నాయి. మరి ఏ విలువ? రిజిస్ట్రేషన్ కాగితం మీది ధరకూ బేరంలో పలికే ధరకూ ఇక్కడ పొంతనే ఉండదు. లైన్లు వద్దని నేననను, బోరు నడవాలన్నా కరెంటే కావాలి. కానీ సర్వే నంబర్లతో సహా మార్గం మ్యాపును ముందే ఊళ్లో అంటించాలి. లేఅవుట్‌ను తప్పించి పక్క చేనులోకి వంచితే ఎందుకు వంచారో ఆ రైతుకు రాసివ్వాలి. పరిహారం చేతికందాకే తీగ లాగాలి.